సముద్రపు ఒడ్డున పిల్లల శిబిరాలు: ఆ పాత రీళ్ళు డాక్యుమెంటరీలా, ప్రచారమా?

నమస్తే. మిగతావాళ్ళకు కూడా అర్థం కావాలి కాబట్టి ముందు మీ ప్రశ్నను రెండు ముక్కల్లో చెప్పుకుంటాను. మీరు విశాఖలో జర్నలిజం పీజీ చేస్తున్నారు, తొలినాటి డాక్యుమెంటరీల మీద ప్రాజెక్టు రాస్తున్నారు. 1930ల్లో ఇటలీ సముద్రతీరంలో నడిచిన పిల్లల వేసవి శిబిరాల న్యూస్‌రీళ్ళు (సినిమాహాళ్ళలో వేసే పొట్టి వార్తాచిత్రాలు) కొన్ని ఆన్‌లైన్‌లో చూశారు. తెల్ల టోపీలు పెట్టుకున్న పిల్లలు వరసల్లో నడవడం, ఇసుకలో డ్రిల్లు, జెండా వందనం, అందరూ ఒక్కసారిగా నీళ్ళలోకి పరిగెత్తడం. మీ గైడ్ "అదంతా ముస్సోలినీ ప్రచారం, డాక్యుమెంటరీ కింద లెక్కపెట్టకండి" అన్నారు. మీకేమో ఆ పిల్లల నవ్వులు నిజమైనవే అనిపిస్తోంది. వాడుకోవచ్చా, వద్దా అని అడిగారు.

సూటిగా చెప్తాను. వాడుకోండి, అవి డాక్యుమెంటరీలే. కాకపోతే అవి శిబిరాలు నడిపినవాళ్ళు తమ గురించి తాము తీసుకున్న డాక్యుమెంటరీలు. పిల్లలు అందులో సాక్ష్యంగా నిలబడ్డారు. అలా చూస్తే మీ గైడ్ గారిదీ నిజమే, మీకు అనిపించిందీ నిజమే. ఇక ఆ సాక్ష్యాన్ని ఎలా చదవాలన్నదే మీ ప్రాజెక్టులో అసలు పని.

నేను ఇరవై ఎనిమిదేళ్ళుగా ఎడిటింగ్ చేస్తున్నాను. మొదట చెన్నైలో ఫిల్మ్ కోసి టేపు అంటించే రోజులు, తర్వాత హైదరాబాద్‌లో కంప్యూటర్ మీద. మధ్యలో ఆరేడు డాక్యుమెంటరీలకు పాత విదేశీ ఫుటేజ్ వెతికి, కొని, కట్ చేసే పని నా మీద పడింది. ఈ శిబిరాల రీళ్ళతో నాకు పరిచయం అలాగే.

ముందుగా, పిల్లల్ని సముద్రం దగ్గరికి ఎందుకు తీసుకెళ్ళారో తెలియాలి. తెలియకపోతే సగం షాట్లు అర్థం కావు. ఇదంతా సరదాతో మొదలవలేదు, క్షయ భయంతో మొదలైంది. మెడ దగ్గర గడ్డలు కట్టే గండమాల, ఎముకలకు పట్టే క్షయ పేదపిల్లల్ని పీడించేవి. సముద్రపు గాలి, ఉప్పునీటి స్నానం మంచి చేస్తాయని ఇంగ్లండ్‌లోని మార్గేట్‌లో 1791లోనే ఒక ఆసుపత్రి పెట్టారు. ఇటలీలో 1850ల్లో జుసెప్పె బరెల్లాయ్ అనే ఫ్లోరెన్స్ డాక్టరు అలాంటి పిల్లల్ని వియారెజ్జో తీరానికి పంపడం మొదలుపెట్టాడు. 1876లో జ్యూరిక్‌లో హెర్మన్ వాల్టర్ బియాన్ అనే పాస్టరు 68 మంది పేదపిల్లల్ని సెలవులకు కొండల్లోకి తీసుకెళ్ళాడు. యూరప్ అంతటా వేసవి శిబిరాలు పాకడానికి అది దారి వేసింది. క్షయ క్రిమిని రాబర్ట్ కోఖ్ అనే జర్మన్ డాక్టరు 1882లో కనిపెట్టాడు గానీ, దాన్ని చంపే స్ట్రెప్టోమైసిన్ 1943లో గానీ రాలేదు. మధ్యలో అరవయ్యేళ్ళు. ఆ అరవయ్యేళ్ళూ డాక్టర్ల చేతిలో ఉన్నవి ఎండ, గాలి, తిండి, విశ్రాంతి. అంతే.

ఇది మనసులో పెట్టుకుని మళ్ళీ ఆ రీళ్ళు చూడండి. పిల్లలు ఇసుకలో వరసగా పడుకుని ఉంటారు, టీచరమ్మ మధ్యలో తిరుగుతుంటుంది. అది ఆటవిడుపు కాదు, మందు డోసు. ఎండను కొలిచి ఇవ్వడం అప్పట్లో గౌరవమైన వైద్యం. సూర్యకాంతి చికిత్స మీద పనిచేసిన నీల్స్ ఫిన్సెన్‌కు 1903లో నోబెల్ కూడా వచ్చింది. తూకం మీద పిల్లాణ్ణి నిలబెట్టే షాట్ ఎందుకు అన్నిసార్లు వస్తుందో కూడా అప్పుడు తెలుస్తుంది. సినిమాలో చూపించగలిగిన రుజువు అదొక్కటే. ఊపిరితిత్తులు కెమెరాకు కనబడవు, కాటా ముల్లు కనబడుతుంది.

కాబట్టి "అంతా అబద్ధం" అని కొట్టిపారేయకండి. తిండి నిజం. ఇంట్లో కడుపునిండా తినని పిల్లలు అక్కడ మూడు పూటలా తిన్నారు. డాక్టరు చూశాడు. చాలామంది జీవితంలో మొదటిసారి సముద్రం చూశారు.

ఇక ప్రచారం సంగతి. ఇటలీలో లూచె అనే ప్రభుత్వ సినిమా సంస్థ 1924లో పుట్టింది. 1926లో వచ్చిన ఉత్తర్వుతో సినిమాహాళ్ళు దాని చిత్రాలు వెయ్యడం తప్పనిసరి అయింది. 1927 నుంచి న్యూస్‌రీళ్ళు, 1931 నుంచి వాటికి సౌండు. పిల్లల్ని, కుర్రకారును ముస్సోలినీ ఫాసిస్టు పార్టీ నీడకు తెచ్చే బలిల్లా సంస్థ కూడా 1926లోనే వచ్చింది. 1937లో దాన్ని పార్టీ నేరుగా తన యువజన సంస్థలో కలిపేసుకుంది. అంతకుముందు డాక్టర్లు, చర్చి, దాతలు నడిపిన శిబిరాలు క్రమంగా ఈ చట్రంలోకి వచ్చాయి. ఎండా, తిండీ అలాగే ఉన్నాయి. వాటికి జెండా, కవాతు, చెయ్యెత్తి వందనం తోడయ్యాయి. టికెట్ కొని సినిమాకి వెళ్ళిన ప్రతివాడూ అసలు సినిమాకు ముందు ఇది చూడాల్సిందే. హాల్లో కూర్చున్న తల్లికి "నీ బిడ్డను మేం చూసుకుంటున్నాం" అని చెప్పడమే ఆ రీళ్ళ పని.

కట్టడాలను కూడా కెమెరా కోసమే కట్టారా అనిపిస్తుంది నాకు. మరీనా ది మస్సాలో ఫియట్ కంపెనీ 1933లో తన కార్మికుల పిల్లలకు ఒక బురుజు కట్టింది. తెల్లటి గుండ్రటి టవరు, 50 మీటర్లు దాటిన ఎత్తు. లోపల అంతస్తులు వేరువేరుగా ఉండవు. గోడ వెంట సర్పిలంగా పైకి ఎక్కే ఒకే ర్యాంపు, దాని మీదే వరసగా మంచాలు. ఎక్కడా తలుపు లేదు, మూల లేదు, ఒంటరిగా కూర్చోడానికి చోటు లేదు. కత్తోలికలో 1934లో విదేశాల్లో ఉన్న ఇటాలియన్ల పిల్లల కోసం కట్టిన శిబిరమైతే ఇసుకలో లంగరు వేసిన ఓడల్లాగే ఉంటుంది. ఇప్పుడది అక్వేరియం. ఎత్తునుంచి తీసే షాట్‌లో ఇవి అద్భుతంగా వస్తాయి. అదే షాట్‌లో పిల్లలు చుక్కల్లా కనిపిస్తారు. మీ నోట్సులో ప్రతి షాట్ పక్కన కెమెరా ఎక్కడ నిలబడింది: పిల్లాడి కంటి ఎత్తులోనా, బాల్కనీలోనా అని రాసుకోండి. రీలు మొత్తానికి ఆ లెక్క తీస్తే మీకు సగం సమాధానం దొరుకుతుంది.

ఇప్పుడు నా సొంత తప్పు ఒకటి చెప్పాలి, మీరు చెయ్యకుండా ఉండటానికి. మొదటిసారి ఇలాంటి మూకీ ఫుటేజ్ చేతికొచ్చినప్పుడు ఉన్నదాన్ని ఉన్నట్టు టైమ్‌లైన్ మీద పరిచేశాను. మూకీ రోజుల్లో కెమెరాను సెకనుకు 16 నుంచి 20 ఫ్రేముల దాకా తిప్పేవాళ్ళు. దాన్ని 24 మీద నడిపితే పిల్లలు కీలుబొమ్మల్లా టకటకా నడుస్తారు. ప్రదర్శనలో ఆ కవాతు రాగానే హాలంతా నవ్వింది. నియంతృత్వం మీద మా కామెంటరీ బాగా పండిందని డైరెక్టరు సంతోషించాడు. నాకు మాత్రం రాత్రి నిద్ర పట్టలేదు. ఆ పిల్లలు అలా నడవలేదు, వాళ్ళను కీలుబొమ్మల్ని చేసింది నేను. తర్వాత 18 ఫ్రేములకు తగ్గించి చూస్తే అందులో అలసిపోయిన పిల్లలు కనబడ్డారు. ఒకమ్మాయి ముందున్న అమ్మాయి జడ పట్టుకుని నడుస్తోంది. వేగంలో అది కనబడనే లేదు.

ఫిల్మ్ రకం కూడా గమనించండి. 1920ల మధ్య దాకా ఎక్కువగా వాడిన ఆర్థోక్రోమాటిక్ ఫిల్ముకు ఎరుపు రంగు పట్టదు. నీలం ఆకాశం తెల్లగా పోతుంది, ఎండకు కందిన ఒళ్ళు ఉన్నదానికంటే నల్లగా, పెదాలు మరీ నల్లగా వస్తాయి. "చూడండి, పాలిపోయి వచ్చినవాడు ఎలా తయారయ్యాడో" అని చూపించే షాట్‌లో ఎండ ఎంత, ఫిల్మ్ ఎంత అన్నది తేల్చుకోకుండా తీర్పు చెప్పకూడదు. 1930ల రీళ్ళకు ఈ ఇబ్బంది చాలావరకు లేదు.

సౌండు దగ్గరికి వద్దాం. ఇది అన్నిటికంటే ముఖ్యం. ఆ రీళ్ళలో మీరు వినే గొంతు పిల్లలది కాదు. తీరంలో తీసిన బొమ్మకు స్టూడియోలో కామెంటరీ, బ్యాండు కలిపేవాళ్ళు. వందలమంది పిల్లలు నీళ్ళలో కేరింతలు కొడుతుంటారు, ఒక్కరి అరుపూ మనకు వినబడదు. కొన్నేళ్ళ క్రితం హైదరాబాద్‌లో ఒక వర్క్‌షాప్‌లో ఇలాంటి రీలొకటి విద్యార్థులకు రెండుసార్లు వేశాను. ఒక బృందానికి సౌండుతో, ఇంకో బృందానికి మ్యూట్ చేసి. చూసింది రాయమన్నాను. సౌండుతో చూసినవాళ్ళు "క్రమశిక్షణ", "ఐక్యత", "నియంతృత్వం" అని రాశారు. మ్యూట్‌లో చూసినవాళ్ళు నిక్కరు జారిపోతే ఒక చేత్తో పట్టుకుని ఇంకో చేత్తో వందనం చేస్తున్న పిల్లాడి గురించి రాశారు. సూప్ గిన్నె ముందు కూర్చుని పక్కవాడి గిన్నెలోకి చూస్తున్న పిల్ల గురించి రాశారు. అందరూ చూసింది ఒకే రీలు. మీరు కూడా మొదట మూడుసార్లు మ్యూట్‌లో చూడండి, నాలుగోసారే సౌండు పెట్టండి.

పోలికకు ఇంకో దేశం తీసుకుంటే మీ ప్రాజెక్టు బలపడుతుంది. సోవియట్ యూనియన్‌లో జీగా వెర్తోవ్ అనే దర్శకుడు 1924లో తీసిన 'కినో-గ్లాజ్'లో పయనీర్ (అక్కడి కమ్యూనిస్టు బాలల సంఘం) పిల్లల గుడారాల శిబిరం ఉంది. అది సముద్రతీరం కాదు, ఊరి పక్కన. క్రిమియాలో నల్లసముద్రం ఒడ్డున ఆర్తెక్ శిబిరం ఆ మరుసటి ఏడు, 1925 జూన్‌లో, గుడారాల్లో 80 మంది పిల్లలతో మొదలైంది. వెర్తోవ్‌ది కూడా ప్రచారమే, అందులో దాపరికం ఏమీ లేదు. కానీ పిల్లలు అందులో ఏదో ఒక పని మీద ఉంటారు. పోస్టర్లు అంటిస్తారు, బజార్లో ధరలు ఆరా తీస్తారు, గుడారాలు వేస్తారు. కెమెరా వాళ్ళ వెంట పరిగెత్తుతుంది. మాంసాన్ని వెనక్కి తిప్పి మళ్ళీ ఎద్దుగా మార్చే ట్రిక్కు, నీళ్ళలోకి దూకినవాణ్ణి వెనక్కి తెచ్చి ఎలా దూకాలో నేర్పే ట్రిక్కు అందులోవే. ఇటలీ రీళ్ళలో పిల్లలు ఎక్కువగా ఒక ఆకారంలో భాగం: వరస, చదరం, కొన్నిసార్లు ఏకంగా అక్షరాలు. రెండూ రాజ్యం తరఫున తీసినవే అయినా ఒకదానిలో పిల్లలు ఎక్కడికో వెళ్తున్నారు, ఇంకోదానిలో నిలబడి ఉన్నారు. "రెండూ ప్రచారమే" అనే ఒక్క మాటతో ఈ తేడా మాయమైపోతుంది. అందుకే ఆ మాటతో ఆగిపోవద్దంటున్నాను.

నవ్వుల గురించి అడిగారు కదా. దానికి పుస్తకాల్లోంచి కాదు, నా అనుభవంలోంచి చెప్తాను.

ఇరవయ్యేళ్ళ కిందట ఒక స్వచ్ఛంద సంస్థ సూర్యలంక బీచ్‌లో పిల్లలకు వారం రోజుల క్యాంపు పెట్టింది. అనంతపురం జిల్లా పల్లెల నుంచి వచ్చిన పిల్లలు. దాదాపు ఎవరూ సముద్రం చూడలేదు. పన్నెండు నిమిషాల ఫిల్మ్ కావాలన్నారు. ఎడిటర్ని అయినా షూటింగ్‌కి కూడా వెళ్ళాను. అందరూ చేతులు పట్టుకుని నీళ్ళలోకి పరిగెత్తే షాట్ కావాలని నిర్వాహకుల కోరిక. మొదటిసారి సగంమంది అల దగ్గర ఆగిపోయారు, భయం. రెండోసారి ఇద్దరు ఏడ్చారు. మూడోసారి కెమెరా వెనక నుంచి మేమే "ఒకటి, రెండు, మూడు" అని అరిచాం, పరిగెత్తారు. ఫిల్మ్‌లో ఆ షాట్ చూస్తే ఆనందం పొంగిపొర్లుతున్నట్టు ఉంటుంది. అప్పటికి నిజంగానే భయం పోయింది, నిజంగానే నవ్వారు. కానీ ఆ నవ్వు మూడో టేక్‌ది.

అదే పొద్దున ఇంకో షాట్ దొరికింది. ఎనిమిదేళ్ళవాడు ఒకడు గుంపుకు దూరంగా వంగి, దోసిట్లో నీళ్ళు తీసుకుని నోట్లో పోసుకున్నాడు. వెంటనే ఉమ్మేసి, మొహం వికారంగా పెట్టి, నేరుగా కెమెరాలోకి చూశాడు. నన్నే నిలదీస్తున్నట్టు. ఇన్ని నీళ్ళుండి తాగడానికి పనికిరావా అని ఆ మొహం అడుగుతోంది. కరువు సీమ నుంచి వచ్చిన పిల్లాడు. అంతకంటే చెప్పాల్సింది ఏముంది?

"కెమెరాలోకి చూశాడు కదా, తీసెయ్యండి" అన్నారు నిర్వాహకులు. తీసేశాను. ఆ రోజుల్లో అది రూలు, కెమెరాలోకి చూస్తే షాట్ పోయినట్టే. ఆ టేపు తర్వాత బూజు పట్టి పాడైపోయింది. మూడో టేక్ నవ్వు మిగిలింది, ఆ చూపు పోయింది. ఆ పని చేసింది నా చేతులే, దాన్ని మర్చిపోలేదు.

అప్పటి నుంచి పాత రీళ్ళలో నేను మొట్టమొదట వెతికేది కెమెరాలోకి చూసే పిల్లల్నే. ఇటలీ న్యూస్‌రీళ్ళలో అలాంటి చూపులు ఉంటాయి, ఎందుకంటే వందలమందిని ఒకే ఫ్రేములో పెట్టినప్పుడు ఎవడో ఒకడు తల తిప్పకుండా ఉండడు, వాడి కోసం షాట్ మొత్తం పారెయ్యలేరు. కింద కుడి మూలలోనో, వరస చివరలోనో ఉంటాడు. ఒకటి రెండు సెకన్లు. మనల్ని చూస్తాడు, పక్కవాడు మోచేత్తో పొడవగానే ముందుకు తిరుగుతాడు. తీసినవాళ్ళ ఉద్దేశంతో సంబంధం లేకుండా ఫిల్ములో చిక్కినది అదే. మీకు నిజమనిపించిన నవ్వులు బహుశా అలాంటి చోట్లే కనబడి ఉంటాయి. వెళ్ళి సరిచూసుకోండి.

వాళ్ళు చూపించనివి కూడా ఒక జాబితా రాసుకోండి. రాత్రి ఉండదు. ఇంటి మీద బెంగతో ఏడ్చే పిల్ల ఉండదు. పక్క తడిపినవాడు ఉండడు. వంటవాళ్ళు, బట్టలుతికేవాళ్ళు ఉండరు. పిల్లలతో పనిచేసే ఆడవాళ్ళు విజిల్ పట్టుకుని కనిపిస్తారు గానీ ఒక్క మాట మాట్లాడరు.

అన్నిటికంటే ముఖ్యంగా, ఇంటికి వెళ్ళిన తర్వాత ఏమైందో ఉండదు. 1940 వేసవిలో లిబియాలో స్థిరపడిన ఇటాలియన్ కుటుంబాల నుంచి సుమారు 13,000 మంది పిల్లల్ని ఇలాంటి శిబిరాలకే ఓడల్లో తీసుకొచ్చారు. కొన్ని నెలలు ఉండి వెళ్ళిపోతారని తల్లిదండ్రులకు చెప్పారు. జూన్ 10న ఇటలీ యుద్ధంలోకి దిగింది. సముద్రం మూసుకుపోయింది. ఆ పిల్లలు ఏళ్ళ తరబడి శిబిరం నుంచి శిబిరానికి మారుతూ అక్కడే పెరిగారు. ఇది తెలిశాక 1930ల రీలు చివర రైలు కిటికీలోంచి చేతులు ఊపే షాట్ వస్తే నాకు గొంతు పట్టేస్తుంది. ఆ రీల్లోని పిల్లలు వేరు, వీళ్ళు వేరు, తెలుసు. అయినా.

మీ గైడ్ గారి విషయంలో ఒక మాట. ఆయన అభ్యంతరాన్ని పక్కన పెట్టకండి, ప్రాజెక్టులో మొదటి పేజీలోనే రాయండి: ఇది ఎవరు డబ్బు పెట్టి తీశారు, ఎవరికి చూపించారు, చూడటం తప్పనిసరా. ఆ మూడింటికి సమాధానం రాసిన తర్వాత షాట్ల దగ్గరికి వెళ్తే ఆయన కూడా కాదనరు. వాదించడానికి వెళ్ళకండి, మ్యూట్‌లో మూడు నిమిషాలు చూపించండి.

వాడకం గురించి చిన్న జాగ్రత్త. లూచె సంస్థ 2012లో తన పాత చిత్రాలు వేలకొద్దీ యూట్యూబ్‌లో పెట్టింది. చూడటానికి, నోట్సు రాసుకోవడానికి ఇబ్బంది లేదు. మీరు ప్రాజెక్టుతో పాటు వీడియో చేసి బయట ప్రదర్శించాలనుకుంటే మాత్రం అనుమతి అడగాలి, ముందే మెయిల్ పెట్టుకోండి. ఎవరో తిరిగి కత్తిరించి, మ్యూజిక్ మార్చి పెట్టిన ముక్కల మీద ఆధారపడకండి. షాట్ల వరస మారిపోతే మీ లెక్కలన్నీ తప్పుతాయి. అసలు రీలు ఎంత నిడివి, ఏ ఏడాది, ఏ నంబరు అన్నది ఆర్కైవ్ కేటలాగ్‌లో చూసి పోల్చుకోండి.

మీరు చూసిన వాటిలో ఒకటి తొమ్మిది నిమిషాలుందని రాశారు. న్యూస్‌రీల్లో ఒక్క అంశానికి అంత నిడివి ఉండదు. అది రెండు మూడు రీళ్ళు కలిపి అతికినదై ఉండొచ్చు, లేదా విడిగా తీసిన డాక్యుమెంటరీ అయ్యుండొచ్చు. ముందు అది తేల్చుకోండి. మధ్యలో ఎక్కడైనా టోపీలు మారితే, బిల్డింగు మారితే, మ్యూజిక్ తెగితే ఆ టైమ్‌కోడ్ రాసి ఇక్కడే పెట్టండి, అతుకులు ఎక్కడున్నాయో చూసి చెప్తాను.